గోదావరి డెల్టా ముస్లింలు: తరచుగా అడిగే ప్రశ్నలు

"గోదారి జిల్లాల్లో సాయిబులు కూడా ఉన్నారా?" హైదరాబాదులోనో కర్నూలులోనో కొత్తగా పరిచయమైనవాళ్లు మమ్మల్ని మొదట అడిగేది ఇదే. ఉర్దూ మాట్లాడితే "మీది పాతబస్తీయా?" అంటారు. తెలుగు మాట్లాడితే "అచ్చం గోదారోళ్లలాగే మాట్లాడుతున్నారే!" అంటారు. గోదారోళ్లమే కదండీ, ఇంకెలా మాట్లాడతాం! ఆ తర్వాత వరసగా వచ్చే ప్రశ్నలూ మేం చెప్పే జవాబులూ ఇవి.

అసలు ఎంతమంది ఉంటారు? ఎక్కడెక్కడ?

2011 జనాభా లెక్కల నాటికి ఉభయ గోదావరి జిల్లాల్లో ముస్లింలు నూటికి ఇద్దరు, అటూఇటూగా. పశ్చిమలో కాస్త ఎక్కువ, తూర్పులో కాస్త తక్కువ. గుంటూరు జిల్లాలో పదిమందిలో ఒకరికి పైగానూ, కర్నూలు జిల్లాలో ఆరుగురిలో ఒకరూ ముస్లింలు. పోల్చి చూసుకుంటే మేం ఎంత పలచగా ఉన్నామో తెలుస్తుంది. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు చీలాక కాకినాడ, కోనసీమ, తూర్పు గోదావరి, పశ్చిమ గోదావరి, ఏలూరు జిల్లాల మధ్య ఇంకా పలచబడ్డాం. రాజమండ్రి, కాకినాడ, ఏలూరు, తాడేపల్లిగూడెం, తణుకు, భీమవరం, నరసాపురం, పాలకొల్లు, అమలాపురం, మండపేట లాంటి పట్టణాలన్నిటా ఉన్నాం. పల్లెల్లో అయితే అయిదారు గడపలు, కొన్నిచోట్ల ఒకటే గడప.

ఈ లెక్క గుర్తుపెట్టుకుంటే కింది జవాబులు సగం మీకే తడతాయి. ఒక పేటంతా ముస్లింలున్న ఊళ్లో ఉర్దూ బడి, మదరసా, ఖబరస్తాన్ (సమాధుల స్థలం), పిల్లకి సంబంధం అన్నీ ఆ పేటలోనే దొరుకుతాయి. మేం ఒక్కోదానికి ఒక్కో బస్సెక్కాలి.

ఇక్కడికి ఎప్పుడొచ్చారు?

1323లో ఓరుగల్లు పడిపోయాక ఉలుగ్ ఖాన్ సేనలు గోదావరి దాకా వచ్చాయి. తర్వాత మహమ్మద్ బిన్ తుగ్లక్ పేరుతో ఢిల్లీ గద్దెనెక్కింది ఆయనే. రాజమండ్రి మెయిన్ రోడ్డులోని పెద్ద మసీదులో పారశీక శాసనం ఉంది. హిజ్రీ 724 రంజాన్ నెలలో, అంటే 1324 సెప్టెంబరులో, సాలార్ ఉల్వీ అనే ఆయన ఆ మసీదు కట్టించాడని దాని సారాంశం. అంతకు ముందు అక్కడ వేణుగోపాలస్వామి గుడి ఉండేదని చరిత్రకారులు రాశారు. ఆ మాట మేం దాచక్కర్లేదు. దాన్ని పట్టుకుని, ఏడువందల ఏళ్ల తర్వాత అదే రోడ్డులో కొట్టు పెట్టుకున్న సాయిబుని మీరు నిలదీయనూ అక్కర్లేదు.

ఇంకో శాసనం కోనసీమది. ముసునూరి ప్రోలయ నాయకుడు విలస గ్రామాన్ని దానమిచ్చిన తామ్రశాసనం చదివితే, తుగ్లక్ మనుషులు ఏలిన ఆ కొద్ది ఏళ్లూ జనం ఎన్ని బాధలు పడ్డారో ఏకరువు పెట్టి ఉంటుంది. గెలిచినవాడి శాసనమూ ఎదురు తిరిగినవాడి శాసనమూ రెండూ మా జిల్లాల్లోనే ఉన్నాయి. ఒకటి చదివి ఇంకోటి వదిలేసేవాళ్లు రెండు వైపులా ఉన్నారు.

అయితే మీరంతా ఆ సైన్యంతో వచ్చినవాళ్ల సంతతేనా?

కాదు. తుగ్లక్ పెత్తనం కొన్నేళ్లకే పోయింది. తర్వాత రెడ్లు, గజపతులు ఏలారు. మళ్లీ ముస్లిం రాజుల పాలన కుదురుకున్నది 1570ల మొదట్లో, ఇబ్రహీం కుతుబ్‌షా సేనలు రాజమండ్రి తీసుకున్నాకే. ఆయనే తెలుగు కవులు మల్కిభరాముడని పిలుచుకున్న గోల్కొండ సుల్తాను. కోటల కాపలాకి, శిస్తు వసూలుకి వచ్చి నిలిచిపోయినవాళ్లు కొందరు. పారశీకం నుంచి వచ్చిన నేతగాళ్లు కొందరు. కోరంగి, నరసాపురం లాంటి రేవుల చుట్టూ సరుకు బేరాలకీ ఓడ పనులకీ చేరినవాళ్లు కొందరు. ఇక్కడే పుట్టి ఇక్కడే ఇస్లాం తీసుకున్నవాళ్లు చాలామంది. ఏ ఇంట్లో అడిగినా తాతముత్తాతలు ఎక్కడో దూరం నుంచి వచ్చారనే చెబుతారు. అలా చెప్పుకోవడం ఒక్క ముస్లింలకే ఉన్న అలవాటు కాదు లెండి.

నవాబుల ఆస్తులు, నిజాం వారసత్వం లాంటివి ఏమైనా ఉన్నాయా?

మాలో ఎక్కువమందికి ఆ ఊసే తెలీదు. 1687లో గోల్కొండ మొగలుల చేతికి పోయింది, 1724 తర్వాత నిజాం కిందికి వచ్చింది. రాజమండ్రి, ఏలూరు ఉత్తర సర్కారుల్లో భాగమయ్యాయి. 1730ల్లో రాజమండ్రి ఫౌజుదారుగా, అంటే నిజాం తరఫు పాలకుడిగా, ఉన్న రుస్తుం ఖాన్ జమీందార్లను అణచడంలో ఎంత కరకుగా ఉన్నాడంటే, ఆ పేరు చాలాకాలం జనం నోళ్లలో నానింది. 1753లో అప్పటి నిజాం సలాబత్ జంగ్ ఈ సర్కార్లను ఫ్రెంచివాళ్లకి రాసిచ్చాడు. 1758 డిసెంబరులో పిఠాపురం దగ్గర చందుర్తి యుద్ధంలో వాళ్లు ఇంగ్లీషువాళ్ల చేతిలో ఓడారు. 1765లో మొగల్ చక్రవర్తి ఫర్మానా, 1766లో నిజాంతో ఒప్పందం జరిగాక ఇదంతా ఈస్టిండియా కంపెనీ వశమైంది. అంటే 1948 పోలీసు చర్య నాటికి మాకూ నిజాం రాజ్యానికీ తెగతెంపులై రెండు వందల ఏళ్లు కావస్తోంది. రజాకార్ల గురించి మమ్మల్ని అడిగితే మేమూ మీలాగే పుస్తకంలో చదివిందే చెప్పాలి.

ఏలూరు తివాచీలు ముస్లింలవేనా?

అవును. పారశీకం నుంచి వచ్చి స్థిరపడ్డ కుటుంబాలు పదిహేడో శతాబ్దంలో మొదలుపెట్టాయని చెబుతారు. ఏలూరులో తంగెళ్లమూడి వైపు ఈ పని ఎక్కువ. నిలువు మగ్గం మీద పడుగు బిగించి, ఉన్ని దారం ఒక్కో ముడీ చేత్తో వేసి, ముడి వేసిన దగ్గర దారం కోసి, వరస పూర్తయ్యాక దువ్వెనలాంటి పంజాతో కొట్టి బిగిస్తారు. కాగితం మీద గళ్లు గీసి గుర్తులు పెట్టిన నమూనా చూసుకుంటూ ఏ గడిలో ఏ రంగో ఆ రంగు ముడి వేసుకుపోవాలి. 1851 లండన్ మహాప్రదర్శనకి ఏలూరు తివాచీలు వెళ్లాయి. ఇప్పుడు మగ్గాలు బాగా తగ్గిపోయాయి. రోజంతా కూర్చుని నేస్తే వచ్చే కూలి కంటే బయట ఏ పనికి వెళ్లినా ఎక్కువే వస్తుంది. అందుకే నేత తెలిసిన తండ్రి కూడా కొడుకుని మగ్గం ఎక్కించడం లేదు. "అయ్యో, కళ అంతరించిపోతోందే" అని బాధపడేవాళ్లు ఒక తివాచీకి కూలి గిట్టే ధర పెట్టి కొంటే బాగుంటుంది.

పిఠాపురంలో ముస్లిం పీఠం ఉందటగా? అదేమిటి?

శ్రీ విశ్వవిజ్ఞాన విద్యా ఆధ్యాత్మిక పీఠం. దానికి ఆరో పీఠాధిపతి ఉమర్ ఆలీషా (1885–1945). డెల్టా ముస్లింల గురించి ఒక్కరి పేరు చెప్పమంటే నేను ఈయన పేరే చెబుతాను. సంస్కృతం, అరబ్బీ, పారశీకం అన్నీ చదువుకున్న మనిషి. తెలుగులో పద్యాలు, నాటకాలు, ఖండకావ్యాలు రాశారు. ఉమర్ ఖయ్యాం రుబాయీలను పారశీక మూలం చూసి తెలుగు పద్యాలు చేశారు. అనసూయ కథ మీదా చంద్రగుప్తుడి మీదా రాశారు. వితంతువుల కష్టం గురించి, అంటరానితనం గురించి, ఆడపిల్లల చదువు గురించి కలం పట్టారు. ఢిల్లీ కేంద్ర శాసనసభలో సభ్యుడిగా కూర్చున్నారు.

ఆయన్ని తలచుకున్నప్పుడు "ముస్లిం అయ్యుండి ఇంత చక్కని తెలుగా!" అని మెచ్చుకోవడం ఒక రివాజు. ఆ మెచ్చుకోలులో ఏదో తేడా ఉంది. పిఠాపురంలో పుట్టినవాడు తెలుగు పద్యం రాయడంలో వింతేముంది? పద్యం బాగుందా లేదా అన్నదే చూడాలి. బాగుంది.

పీఠంలో శిష్యులు హిందువులూ ఉన్నారు, ముస్లింలూ ఉన్నారు. సూఫీ మార్గాన్నీ వేదాంతాన్నీ కలిపి చెప్పే చోటు అది. ఊళ్లో మసీదు జమాత్ (అక్కడి ముస్లింల సంఘం) నడిచే తీరు వేరు, పీఠం నడిచే తీరు వేరు. రెండిటికీ ముడిపెట్టి గందరగోళ పడొద్దు.

స్వాతంత్య్రోద్యమంలో ఈ ప్రాంత ముస్లింల పాత్ర ఏమిటి?

1923 డిసెంబరులో కాకినాడలో జరిగిన కాంగ్రెస్ మహాసభకి అధ్యక్షుడు మౌలానా మహమ్మద్ అలీ. గాంధీగారు అప్పటికి జైల్లో ఉన్నారు. టర్కీ ఖలీఫా పదవిని నిలపాలని సాగిన ఖిలాఫత్ ఉద్యమం సభలు కూడా అదే సమయంలో కాకినాడలోనే జరిగాయి. అంటే నూటికి ఇద్దరు ముస్లింలు కూడా లేని జిల్లాకి దేశం నలుమూలల నుంచి ముస్లిం నాయకులు దిగారు. ఖద్దరు ప్రదర్శన గుమ్మం దగ్గర టిక్కెట్టు లేదని నెహ్రూ అంతటివాణ్ని ఆపేసిన చిన్నపిల్ల దుర్గాబాయి కథ కూడా ఈ సభలదే. ఆ అమ్మాయి మా రాజమండ్రి పిల్లే కాబట్టి సందర్భం లేకపోయినా చెప్పేస్తుంటాం.

ఇంట్లో ఉర్దూయా, తెలుగా?

షేక్, సయ్యద్, పఠాన్ కుటుంబాల్లో పెద్దవాళ్లు దక్కనీ ఉర్దూ మాట్లాడతారు. అందులో సగం తెలుగే ఉంటుంది. పిల్లలు అమ్మీతో ఉర్దూలో మొదలుపెట్టి, అన్నదమ్ములతో తెలుగులోకి దిగిపోతారు. వీధిలో, బడిలో, కొట్లో, దెబ్బలాటలో అంతా తెలుగే. ఉర్దూ చదవడం, రాయడం వచ్చినవాళ్లు చాలా తక్కువ. పిల్లలకి మసీదులో అరబ్బీ అక్షరాలు నేర్పుతారు కాబట్టి ఖురాన్ చదవగలరు, కానీ అర్థం తెలుసుకోవాలంటే తెలుగు పుస్తకమే తియ్యాలి. ఖురాన్‌ని 1925లో తొలిసారి తెలుగు చేసింది చిలుకూరి నారాయణరావుగారు, హిందూ పండితుడు. ఇప్పుడు తెలుగు అనువాదాలు చాలానే ఉన్నాయి. శుక్రవారం ప్రసంగం చాలా మసీదుల్లో తెలుగులోనే చెబుతున్నారు. చెప్పకపోతే వెనక వరస కుర్రాళ్లు ఫోన్లు తీస్తారు.

2022లో రాష్ట్రమంతటా ఉర్దూని రెండో అధికార భాష చేశారు. మంచిదే. కానీ మా దగ్గర ఉర్దూ నిలవాలంటే చట్టం కంటే ముందు బడి కావాలి, బడికి పిల్లలు కావాలి. ఒక ఊళ్లో పదిమంది పిల్లలుంటే ఉర్దూ మీడియం ఎవరు నడుపుతారు? తల్లిదండ్రులూ ఇంగ్లీషు మీడియమే అడుగుతున్నారు. ఈ విషయంలో మేం ఎవర్నీ తప్పుపట్టే స్థితిలో లేం.

దూదేకులవారు ముస్లింలేనా?

ముస్లింలే. నూర్‌బాషాలు అని కూడా అంటారు. వింటితో దూది ఏకి పరుపులు, దిండ్లు కుట్టడం కులవృత్తి. ఇంట్లో మాట్లాడేది తెలుగే, చాలామందికి తెలుగు ఇంటిపేర్లే. ఉర్దూ రాదని మిగతా ముస్లింలు వీళ్లని తక్కువగా చూసిన రోజులున్నాయి. పిల్లనివ్వడానికి వెనకాడేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. మతంలో అందరూ సమానమని మసీదులో మింబరు (ప్రసంగం చేసే మెట్ల వేదిక) మీద నుంచి వింటూనే ఇదంతా జరుగుతోంది. మాలో మాకు కులం లేదని చెబితే అబద్ధమే అవుతుంది. దూది ఏకే యంత్రాలు, ఫోం పరుపులు వచ్చాక పాత పని పోయింది.

రిజర్వేషన్ అందరికీ ఒకటేనా?

కాదు, ఇక్కడే ఎక్కువమంది పొరబడతారు. దూదేకులవారు బీసీ-బి. షేక్, ఖురేషీ, ఫకీరు లాంటి 14 సమూహాలు 2007 చట్టం కింద బీసీ-ఇ, వాటికి 4 శాతం. సయ్యద్, పఠాన్, మొగల్ ఇందులోకి రారు. ఆదాయ పరిమితిలో ఉంటే ఆర్థికంగా వెనకబడిన వర్గాల కోటా అయిన ఈడబ్ల్యూఎస్‌కి పెట్టుకోవచ్చు. బీసీ-ఇ చట్టాన్ని హైకోర్టు కొట్టేస్తే, 2010 మార్చిలో సుప్రీంకోర్టు ఇచ్చిన మధ్యంతర ఉత్తర్వు మీద అది నడుస్తోంది. ధ్రువపత్రానికి సచివాలయంలో దరఖాస్తు పెట్టేటప్పుడు పిల్లల బడి రికార్డులో సమూహం పేరు ఏమని ఉందో ముందు చూసుకోండి. "ముస్లిం" అని ఊరికే రాసి వదిలేసిన రికార్డులతోనే తిరుగుళ్లన్నీ.

పేర్ల ముందు ఎస్కే, ఎండీ అని ఉంటాయి, అవి ఇంటిపేర్లా?

షేక్, మహమ్మద్ అన్నవాటికి బళ్లో వేసిన పొట్టి రూపాలు. తెలుగువాళ్ల పద్ధతిలో ఇంటిపేరు ముందుండాలి కాబట్టి వాటిని ఇంటిపేరు గడిలో రాసేశారు. తర్వాత పాస్‌పోర్టులో "షేక్" అని, ఆధార్‌లో "ఎస్కే" అని ఉండి గల్ఫ్ వెళ్లేవాళ్లు తిప్పలు పడుతుంటారు. పిల్లల పేరు మొదటి రోజే పూర్తిగా రాయించండి.

ఏం పనులు చేసుకుని బతుకుతారు?

డెల్టాలో సంపదంటే భూమే. 1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తయ్యాక కాలవ నీళ్లు ఎక్కడ పారితే అక్కడ వరి, కొబ్బరి, అరటి, ఈమధ్య చేపలు, రొయ్యల చెరువులు. ఆ భూముల్లో మా వాటా చాలా తక్కువ. మావి చేతిపనులు, చిన్న బేరాలు. వేటమాంసం, కోడిమాంసం కొట్లు, దర్జీ పని, మోటారు మెకానిక్కులు, సీట్లు కుట్టడం, వెల్డింగు, పళ్ల బళ్లు, పాత ఇనుము, లారీ డ్రైవర్లు, బిర్యానీ హోటళ్లు. సినిమా నటుడు అలీ రాజమండ్రిలో ఒక దర్జీ కొడుకు. అందరి కథా అలా తిరగదు గానీ, మొదలు మాత్రం చాలా ఇళ్లలో అదే కుట్టుమిషను.

కోనసీమ, నరసాపురం వైపు నుంచి గల్ఫ్ వెళ్లడం అన్ని కులాల్లోనూ ఉంది. ఇళ్లల్లో పనికి ఆడవాళ్లు, డ్రైవింగుకి మగవాళ్లు. అరబ్బీ అక్షరాలు వచ్చు కదా అని మావాళ్లకి అక్కడ మాట వచ్చేస్తుందనుకోకండి. ఖురాన్ చదవడం వేరు, కువైట్‌లో యజమానురాలు కేకలేస్తుంటే అర్థం చేసుకోవడం వేరు.

ఈ తరం పిల్లలు ఇంజినీరింగు, ఫార్మసీ, నర్సింగు చదువుతున్నారు. ఆడపిల్లలు బాగా చదువుతున్నారు, మగపిల్లలు పది కాగానే షెడ్డుకి పోతున్నారు. దాంతో చదువుకున్న అమ్మాయికి సమానంగా చదివిన అబ్బాయి దొరకడం లేదు.

సంబంధాలు ఎక్కడ చూస్తారు?

ఊళ్లో ఉన్న నాలుగు ఇళ్లూ చుట్టాలే అయి ఉంటారు. కాబట్టి ఏలూరు, బెజవాడ, గుంటూరు, బందరు దాకా వెళ్తారు. గుంటూరు నుంచి వచ్చిన కోడలి ఉర్దూ చూసి ఇక్కడ ఆడపడుచులు నవ్వుతారు, ఇక్కడివాళ్ల యాస చూసి ఆమె నవ్వుతుంది. నిఖాలో వరుడు వధువుకి మెహర్ ఇవ్వాలి, అది షరియత్. కట్నం తీసుకోకూడదు. మెహర్ ఖాజీగారి పుస్తకంలో రాస్తారు, కట్నం మాత్రం ఆ పుస్తకంలోకి రాకుండా పెద్దల మధ్యనే తేలిపోతుంది. రెండూ చూసిన మౌల్వీగారు దువా (ప్రార్థన) చేసి బిర్యానీ తిని వెళ్తారు. ఒకేసారి మూడుసార్లు తలాక్ చెబితే విడాకులైపోయే పద్ధతిని 2017 ఆగస్టులో సుప్రీంకోర్టు కొట్టేసింది, 2019 చట్టంతో అది నేరమైంది.

పీర్ల పండగలో హిందువులు ఎందుకు మొక్కుతారు?

మొహర్రం నెలలో పీర్లను నిలబెట్టే ఊళ్లలో పీరు ఎత్తేవాడు, గుండం తవ్వేవాడు, డప్పు కొట్టేవాడు, పానకం పోసేవాడు అందరూ ముస్లింలు కారు. ముస్లిం గడపే లేని ఊళ్లోనూ పీర్ల చావిడి ఉంటుంది. కర్బలాలో ఇమాం హుస్సేన్ చనిపోయిన దుఃఖం అది. ఇక్కడికొచ్చేసరికి పిల్లల కోసం, పంట కోసం, జబ్బు నయం కావడానికి మొక్కుకునే జాతర అయింది. మా కుర్రాళ్లలో చాలామంది ఇప్పుడు దీన్ని ఒప్పుకోరు. ఇది ఇస్లాంలో లేదు, ఆపాలంటారు. పెద్దవాళ్లు ఊరి సంబంధం తెంచుకోవద్దంటారు. ఒకే ఇంట్లో తాత పీరు ముందు, మనవడు మసీదులో ఉండటం మాకు మామూలే. నా మటుకు నేను తాత వైపు.

సాయంత్రం మగ్రిబ్ నమాజు వేళ మసీదు గుమ్మం దగ్గర పసిపిల్లల్ని ఎత్తుకుని నిలబడే తల్లులూ ఎక్కువగా హిందువులే. నమాజు చేసి బయటికొచ్చేవాళ్లు బిడ్డ మీద దువా చదివి ఊదుతారు. దిష్టి పోతుందని, రాత్రిళ్లు ఏడవరని వాళ్ల నమ్మకం. వద్దన్న ఇమామ్‌ని నేనింకా చూడలేదు.

ఖబరస్తాన్ సమస్య అంటుంటారు, ఏమిటది?

నాలుగు ఇళ్లున్న ఊళ్లో ఖబరస్తాన్ ఉండదు. ఎవరైనా పోతే పక్క ఊరికో పట్టణానికో తీసుకెళ్లాలి, అక్కడి జమాత్‌ని అడగాలి. ఉన్నచోట్ల కూడా ఒకవైపు కాలవ గట్టు, ఒకవైపు చేపల చెరువు, ఒకవైపు రియల్ ఎస్టేటు. పైగా కోనసీమ నేల కొద్ది అడుగులు తవ్వితే నీరూరుతుంది. వానాకాలంలో సమాధి తవ్వుతూ ఒకరు నీళ్లు తోడుతూనే ఉండాలి. మట్టి పోయించి మెరక చేయించడానికి చందాలు పోగుచేయడమే చాలా జమాత్‌ల ఏడాది పని. మసీదులకీ ఖబరస్తాన్లకీ దానంగా రాసిన ఆస్తులకి సంబంధించిన వక్ఫ్ చట్టానికి 2025లో వచ్చిన సవరణల మీద టీవీలో పెద్ద పెద్ద చర్చలు జరిగాయి. మా మసీదు కమిటీలకి మాత్రం ఆ ఏడాదంతా పాత కాగితాలు వెతికి, స్కాన్ చేయించి, పోర్టల్లో ఎక్కించే పనే సరిపోయింది. సరిహద్దులు "తూర్పున చింతచెట్టు" అని రాసిన కాగితంతో ఇప్పుడు ఏం చెయ్యాలో చెప్పేవాళ్లు లేరు.

అద్దె ఇల్లు దొరుకుతుందా?

పుట్టిన ఊళ్లో ఈ ప్రశ్నే రాదు. "బాబాయ్", "అన్నయ్య", "పిన్నిగారు" అనే వరసలు నడుస్తాయి. వేరే ఊరికి ఉద్యోగం మీద వెళ్తేనే వస్తుంది. ఫోనులో తెలుగు విని రమ్మంటారు, పేరు చెప్పాక "మాంసం వండుకోకూడదండీ" అంటారు. కింద వాటాలో ఆదివారం నాటుకోడి వాసన వస్తూనే ఉంటుంది.

రాజకీయాల్లో ఉన్నారా?

ఓట్లు చెదిరిపోయి ఉండటం వల్ల ఏ నియోజకవర్గంలోనూ మేం గెలుపోటములు తేల్చం. అందుకే టిక్కెట్లు అరుదు, నామినేటెడ్ పదవులే ఎక్కువ. శాసనమండలి ఛైర్మన్‌గా చేసిన ఎం.ఎ. షరీఫ్ నరసాపురం మనిషి. 2020 జనవరిలో మూడు రాజధానుల బిల్లుల్ని సెలెక్ట్ కమిటీకి పంపి రాష్ట్రమంతా చర్చలో నిలిచారు.

పండగకి ఏం చెప్పాలి? ఏం పెడతారు?

ఈద్ ముబారక్ అనండి, "పండగ శుభాకాంక్షలండీ" అన్నా చాలు. మొహర్రానికి మాత్రం శుభాకాంక్షలు చెప్పకండి. రంజాన్‌కి షీర్ ఖుర్మా, బక్రీద్‌కి మాంసం మూడు వాటాలు చేసి ఒకటి బీదలకి, ఒకటి చుట్టాలకి స్నేహితులకి, ఒకటి ఇంటికి. పప్పుతో చేసే దాల్చాలో ఇక్కడ మామిడికాయ వేస్తారు, హైదరాబాదువాళ్లు నొసలు చిట్లిస్తారు. పులస దొరికే రోజుల్లో మా వంటింట్లోనూ పులుసే. దాని ధర విషయంలో మతాల మధ్య ఏ తేడా లేదు.

మేం మసీదులోకి రావచ్చా?

రండి. చెప్పులు బయట వదలండి, నమాజు జరిగే వేళ వెనక కూర్చోండి. ఆడవాళ్లకి వేరే చోటున్న మసీదులు ఇక్కడ తక్కువ కాబట్టి ముందు ఒక మాట కనుక్కోండి. రాజమండ్రి పెద్ద మసీదులో శాసనం చూడాలనుకుంటే శుక్రవారం మధ్యాహ్నం తప్ప ఇంకెప్పుడైనా వెళ్లండి. ఆ పూట మెయిన్ రోడ్డులో బండి నిలపడానికి చోటుండదు.